8000 పెట్టగానే ఆట సాఫీ అయిపోదు

సంపాదకులు గారికి నమస్కారం.

మీ టెక్నాలజీ పేజీలో గేమింగ్ మౌస్‌ల మీద వచ్చిన వ్యాసం చదివాను. కంప్యూటర్ గేమ్‌లకు ఒక తెలుగు పత్రిక అంత చోటు ఇవ్వడమే అరుదు, అందుకు ముందుగా థాంక్స్. మౌస్‌కి పోలింగ్ రేట్ అని ఒక సెట్టింగ్ ఉంటుందని, దాన్ని మనమే మార్చుకోవచ్చని రోజూ ఆడేవాళ్లలోనే చాలామందికి తెలియదు, కాబట్టి ఆ విషయం ఎత్తడం బాగుంది. నా పేచీ అంతా చివరి సలహాతోనే. సాఫ్ట్‌వేర్‌లో అన్నిటికంటే పెద్ద అంకె ఏది కనిపిస్తే అది పెట్టేసుకోండి, ఆట సాఫీ అయిపోతుంది అన్నట్టు ముగించారు. అది చదివి 8000 పెట్టుకుని, ఆట ముందుకంటే ఎక్కువ ఆగి ఆగి నడుస్తుంటే కంప్యూటర్ పాడైందేమో అని టెన్షన్ పడేవాళ్లు తప్పకుండా ఉంటారు, అందుకే ఇంత పొడుగు ఉత్తరం.

మౌస్ తనంతట తాను కంప్యూటర్‌కి ఏమీ చెప్పదు. యూఎస్‌బీ పద్ధతే అంత, అడిగేది ఎప్పుడూ కంప్యూటర్ వైపే. "ఏమైనా కదిలావా, ఏదైనా బటన్ నొక్కారా" అని అది అడుగుతూ ఉంటుంది, చెప్పాల్సింది ఉంటే మౌస్ చెబుతుంది, లేకపోతే ఏమీ లేదంటుంది. సెకనుకు ఇలా ఎన్నిసార్లు అడుగుతుందో అదే పోలింగ్ రేట్. 125 హెర్ట్జ్ అంటే 8 మిల్లీసెకన్లకు ఒకసారి, 500 అంటే 2 మిల్లీసెకన్లకు, 1000 అంటే 1 మిల్లీసెకనుకు, 8000 అంటే మిల్లీసెకనులో ఎనిమిదో వంతుకు ఒకసారి. నన్నడిగితే ఈ హెర్ట్జ్ అంకెల కంటే మిల్లీసెకన్లలో చూసుకోవడమే మేలు, ఎందుకంటే 125 నుంచి 1000కి వెళ్తే తగ్గేది 7 మిల్లీసెకన్లు, 1000 నుంచి 8000కి వెళ్తే తగ్గేది ఒక్క మిల్లీసెకను కూడా కాదు. రెండుసార్లూ ఎనిమిది రెట్లే పెంచాం, చేతికి వచ్చింది మాత్రం ఎక్కడా పొంతన లేదు. పెట్టె మీద అంకె పెద్దదిగా అచ్చు వేసేవాళ్లకు ఈ లెక్క తెలియక కాదు లెండి.

పాత మౌస్‌లు, ఇప్పటికీ ఆఫీసుల్లో వాడే మామూలు మౌస్‌లు 125 దగ్గరే ఎందుకు ఆగిపోయాయో కూడా చెప్పాలి. అవి యూఎస్‌బీలో అన్నిటికంటే నెమ్మదైన రకం, లో స్పీడ్ అంటారు, సెకనుకు 1.5 మెగాబిట్లు. ఆ రకానికి నియమాల ప్రకారం 10 మిల్లీసెకన్ల కంటే త్వరగా అడగకూడదు, కంప్యూటర్లు దాన్ని 8కి సర్దుకున్నాయి, అక్కడి నుంచి వచ్చిందే ఈ 125. ఫుల్ స్పీడ్ రకంలో మిల్లీసెకనుకు ఒకసారి అడగొచ్చు, కాబట్టి 1000 వరకు వెళ్లొచ్చు. 2000లో వచ్చిన యూఎస్‌బీ 2.0తో హై స్పీడ్ వచ్చింది, అందులో ఆ మిల్లీసెకనును మళ్లీ ఎనిమిది ముక్కలు చేశారు, 8000 అనేది ఆ ముక్కల లెక్కే. అంటే దారి ఎప్పుడో వేసి ఉంది, 2021లో రేజర్ వైపర్ 8కే వచ్చేదాకా ఆటగాళ్ల కోసం దాన్ని అంత వేగంగా వాడే అవసరం పెద్దగా ఎవరికీ పడలేదు. యూఎస్‌బీకి ముందు గుండ్రటి ప్లగ్‌తో వచ్చిన పీఎస్2 మౌస్‌లు మామూలుగా సెకనుకు 100 సార్లు కబురు పంపేవి, సెట్టింగ్ మారిస్తే 200. వాటితోనే జనం ఏళ్ల తరబడి షూటింగ్ ఆటలు ఆడి పోటీలు గెలిచారు. ఊరికే గుర్తొచ్చి చెబుతున్నా.

ఇక అసలు సంగతి. మీ వ్యాసం మొత్తం వేగం గురించే మాట్లాడింది, మౌస్ ఎంత త్వరగా స్పందిస్తుంది, ఎన్ని మిల్లీసెకన్లు కలిసొస్తాయి అని. మనిషి కంటితో చూసి వేలు నొక్కడానికే దాదాపు 200 మిల్లీసెకన్లు పడుతుంది కదా, ఇందులో 7 మిల్లీసెకన్లు తగ్గితే ఏంటి అని వెంటనే ఎవరో ఒకరు అడుగుతారు, అడగడం న్యాయమే. కానీ ఆటలో సాఫీగా ఉంది, లేదు అని మనకు అనిపించేది త్వరగా రావడం వల్ల కంటే సమానంగా రావడం వల్ల. మన చెయ్యి ఒకే వేగంతో పక్కకు జరుగుతుంటే తెర మీద చూపు కూడా ప్రతి ఫ్రేమ్‌కీ, అంటే ఆట గీసే ఒక్కో బొమ్మకీ, అంతే దూరం జరగాలి. ఒక ఫ్రేమ్‌లో రెండడుగులు, ఇంకో ఫ్రేమ్‌లో మూడడుగులు వేస్తే కన్ను వెంటనే పట్టేస్తుంది, దానికి 200 మిల్లీసెకన్ల లెక్కతో సంబంధమే లేదు.

ఇది ఎలా జరుగుతుందో చూడండి. తెర సెకనుకు 60 సార్లు మారుతుంది, ఆట కూడా 60 ఫ్రేములు ఇస్తోంది, మౌస్ 125 దగ్గర ఉంది అనుకుందాం. 60 రెళ్లు 120, కాబట్టి దాదాపు ప్రతి ఫ్రేమ్‌కీ రెండు కబుర్లు అందుతాయి, మిగిలిన ఐదు కబుర్లు సెకనులో ఏవో ఐదు ఫ్రేముల్లో అదనంగా పడతాయి. చెయ్యి ఒకే వేగంతో కదులుతున్నా ఆ ఐదుసార్లు చూపు ఒకటిన్నర రెట్లు జరుగుతుంది. అదే కుదుపు. ఇప్పుడు అదే మౌస్‌ని 144 హెర్ట్జ్ మానిటర్‌కి పెట్టండి, ఇంకా అన్యాయం, ఫ్రేములు 144, కబుర్లు 125, అంటే సెకనుకు కనీసం 19 ఫ్రేములకు మౌస్ నుంచి కొత్తగా ఏమీ అందదు. చెయ్యి కదులుతూనే ఉంటుంది, తెర మీద చూపు ఆ ఫ్రేమ్‌లో అక్కడే నిలబడిపోతుంది, తర్వాతి ఫ్రేమ్‌లో మళ్లీ గెంతుతుంది. కొత్తగా మంచి మానిటర్ కొనుక్కుని, పాత ఆఫీసు మౌస్‌తో ఆడుతూ "ఎఫ్‌పీఎస్ (సెకనుకు ఫ్రేములు) 144 చూపిస్తోంది కానీ ఏదో తేడాగా ఉంది" అనేవాళ్ల సమస్య చాలాసార్లు ఇదే. మానిటర్‌ని తిడతారు, గ్రాఫిక్స్ కార్డుని తిడతారు, మౌస్ వైపు ఎవరూ చూడరు.

1000 పెడితే ఏమవుతుంది? 144 హెర్ట్జ్ మానిటర్ మీద ఒక్కో ఫ్రేమ్‌కి ఏడు కబుర్లు వస్తాయి, సెకనులో ఓ ఎనిమిది ఫ్రేములకు మాత్రం ఆరు. రెండుకీ మూడుకీ ఉన్న తేడా ఎక్కడ, ఆరుకీ ఏడుకీ ఉన్న తేడా ఎక్కడ? ఇంకొకటి, ఒక్కో కబురులో ఉండే కదలిక కూడా చిన్నదైపోయింది. 800 డీపీఐ మౌస్‌ని, అంటే అంగుళం కదిలితే కదలికను 800 కౌంట్లుగా లెక్కపెట్టేదాన్ని, సెకనుకు 10 అంగుళాల వేగంతో లాగారనుకోండి, సెకనుకు 8000 కౌంట్లు. 125 దగ్గర ఒక్కో కబురుకి 64 కౌంట్ల గెంతు, 1000 దగ్గర 8, 8000 దగ్గర ఒక్కటి. కబురు ఒకటి అటో ఇటో పడితే వచ్చే కుదుపు అంతే ఉంటుంది. 64 నుంచి 8కి దిగితే ఎవరికైనా తెలుస్తుంది, మామూలు డెస్క్‌టాప్ మీద పాయింటర్‌ని గుండ్రంగా తిప్పినా తెలుస్తుంది. 8 నుంచి 1కి దిగడం కూడా మంచిదే, కాదనను, కానీ 60, 144 హెర్ట్జ్ మానిటర్ మీద దాన్ని కళ్లతో పట్టుకోగలిగేవాళ్లు తక్కువ. 240, 360 హెర్ట్జ్ మానిటర్లు ఉన్నవాళ్ల సంగతి వేరు. 360 దగ్గర 1000 కబుర్లు పంచితే ఫ్రేమ్‌కి రెండో మూడో వస్తాయి, అక్కడ 2000కో 4000కో వెళ్లడంలో అర్థం ఉంది. నా లెక్క అడిగితే 165 హెర్ట్జ్ వరకు 1000 చాలు, 240 నుంచి 2000 చూడొచ్చు, ఆ పైన మీ కంప్యూటర్ మోయగలిగినంత.

ఆ మోయడం గురించే మీ వ్యాసంలో ఒక్క ముక్క లేదు. మౌస్ ఇచ్చే ప్రతి కబురునీ ప్రాసెసర్ అందుకోవాలి, విండోస్ దాన్ని ఆటకు చేరవేయాలి, ఆట దాన్ని చదవాలి. పని చేసుకుంటున్న మనిషిని గంటకోసారి పిలిస్తే ఫరవాలేదు, నిమిషానికి ఎనిమిదిసార్లు పిలిస్తే ఆ పిలుపులకు పలకడమే పనైపోతుంది. కొత్త, గట్టి ప్రాసెసర్లు దీన్ని లెక్కచేయవు. పాతవైతే, లేదా అప్పటికే ప్రాసెసర్ నిండా పని ఉన్న ఆటైతే, ఫ్రేములు పడిపోతాయి. తమాషా ఏంటంటే మౌస్ కదలకుండా ఉన్నప్పుడు చెప్పడానికేమీ ఉండదు కాబట్టి ఈ భారం ఉండదు, బాగా విసురుగా తిప్పినప్పుడే కబుర్లన్నీ మీద పడతాయి, అంటే సరిగ్గా ఎదుటివాడు పక్క నుంచి వచ్చి మీరు గిర్రున తిరగాల్సిన క్షణంలోనే ఆట తడబడుతుంది. పెద్ద అంకె పెట్టుకున్నది దేనికోసమో దానికే ఎసరు.

దీన్ని కనిపెట్టడం తేలికే. ఆటలో ప్రాక్టీస్ మోడ్‌లోకి వెళ్లి, ఎఫ్‌పీఎస్ కనిపించేలా పెట్టుకుని, కాసేపు కదలకుండా నిలబడండి. తర్వాత మౌస్‌ని అటూ ఇటూ వేగంగా ఊపండి. ఊపినప్పుడు ఎఫ్‌పీఎస్ కొద్దిగా మారడం మామూలే, ఎందుకంటే చూసే దృశ్యం మారుతోంది. అదే పని 1000లో ఒకసారి, 8000లో ఒకసారి చేయండి, ఒకే చోట, ఒకే వేగంతో. 8000లో అంకె గబుక్కున కిందికి పడిపోతుంటే, తెర కుదుపులిస్తుంటే, మీ కంప్యూటర్‌కి ఆ సెట్టింగ్ పనికిరాదన్నట్టే. 4000, అదీ కాకపోతే 2000, అలా దిగండి. ఏ రేట్ దగ్గర ఆ పడిపోవడం ఆగిందో అదే మీ రేట్. ఎవరు ఏ వీడియోలో ఏం చెప్పినా సరే.

విండోస్ వైపు కూడా కొంత బాగుపడిందని చెప్పాలి. 2023లో విండోస్ 11కి వచ్చిన ఒక అప్‌డేట్‌లో, మనం ఆట ఆడుతుంటే వెనక మౌస్ కదలికలు వింటూ కూర్చునే మిగతా ప్రోగ్రామ్‌లకు ఆ కబుర్లు తగ్గించి పంపేలా చేశారు. అంతకుముందు చాటింగ్ యాప్, రికార్డింగ్ యాప్, మౌస్ కంపెనీ సొంత సాఫ్ట్‌వేర్, ఇలా వినేవాళ్లు ఎక్కువైన కొద్దీ ఆట మీద భారం పెరిగేది. కాబట్టి విండోస్ పాతబడి ఉంటే ముందు దాన్ని అప్‌డేట్ చేసుకుని, ఆ తర్వాత 8000 సంగతి చూడండి. కొన్ని ఆటల్లో కూడా దీనికి ఏర్పాటు ఉంది. వాలరెంట్ అనే షూటింగ్ ఆటలో రా ఇన్‌పుట్ బఫర్ అని ఒక ఆప్షన్ కనిపిస్తుంది, అది ఆన్ చేస్తే ఆట మౌస్ కబుర్లను ఒక్కొక్కటిగా కాకుండా గుత్తగా తీసుకుంటుంది, 1000 దాటి వాడేవాళ్లకు అది పనికొస్తుంది. పాత ఆటలకు ఇవేమీ తెలియవు, వాటిని తయారు చేసినప్పుడు 8000 కబుర్లు వస్తాయని ఎవరూ ఊహించలేదు, అవి ఆడేటప్పుడు 1000కో 500కో దించుకుంటే పోయేదేమీ లేదు.

డీపీఐ గురించి. మీ వ్యాసం దీన్ని వేరే డబ్బాలో వేసి, దీనికీ పోలింగ్ రేట్‌కీ సంబంధం లేనట్టు రాసింది. ఉంది, చాలా ఉంది. మౌస్ అంగుళం కదిలితే ఎన్ని కౌంట్లు వస్తాయో అది డీపీఐ. 400 డీపీఐ పెట్టుకుని సెకనుకు అంగుళం చొప్పున మెల్లగా గురి సరిచేసుకుంటున్నారనుకోండి, సెకనుకు వచ్చేవి 400 కౌంట్లే, కంప్యూటర్ 8000 సార్లు అడిగినా 7600 సార్లు జవాబు ఏమీ లేదనే. చెప్పడానికి లేనప్పుడు ఎన్నిసార్లు అడిగితే ఏం లాభం? 8000 కబుర్లూ నిండాలంటే 800 డీపీఐ దగ్గర చెయ్యి సెకనుకు 10 అంగుళాలు కదలాలి, 1600 దగ్గర 5 అంగుళాలు చాలు. అందుకని ఎక్కువ పోలింగ్ రేట్ వాడాలనుకునేవాళ్లు డీపీఐని 1600 దాకా పెంచి, ఆటలో సెన్సిటివిటీని, అంటే చెయ్యి కదిపితే చూపు ఎంత తిరగాలో చెప్పే సెట్టింగ్‌ని, ఆ లెక్కన తగ్గించుకోవాలి. 800 నుంచి 1600కి వెళ్తే సెన్సిటివిటీ సరిగ్గా సగం చేయండి, చేతికి అలవాటైన దూరం మారదు. డెస్క్‌టాప్ మీద పాయింటర్ మాత్రం వేగంగా పరిగెడుతుంది, దాన్ని విండోస్‌లో తగ్గించుకోవచ్చు. రా ఇన్‌పుట్ వాడే ఆటలకు, అంటే మౌస్ లెక్కను విండోస్ సర్దుబాటు లేకుండా నేరుగా తీసుకునేవాటికి, ఆ విండోస్ సెట్టింగ్ అంటదు.

ఎలా మార్చాలో కూడా వ్యాసంలో ఒక్క వాక్యంతో తేల్చేశారు, కొత్తవాళ్లకు అది చాలదు. లాజిటెక్‌కి జీ హబ్, రేజర్‌కి సినాప్స్, కోర్సెయిర్‌కి ఐక్యూ, ఇలా ఒక్కో కంపెనీకి ఒక్కో సాఫ్ట్‌వేర్. అందులో మీ మౌస్ బొమ్మ మీద నొక్కితే పోలింగ్ రేట్ అనో రిపోర్ట్ రేట్ అనో కనిపిస్తుంది, రెండూ ఒకటే. కొన్ని మౌస్‌లకు అడుగున చిన్న బటన్ ఉంటుంది, నొక్కితే రేట్ మారి లైటు రంగు మారుతుంది, సాఫ్ట్‌వేర్ అక్కర్లేదు. మౌస్ లోపలే మెమరీ ఉంటే సెట్టింగ్‌ని అందులో సేవ్ చేసి, ఆ తర్వాత ఆ సాఫ్ట్‌వేర్‌ని నిర్దాక్షిణ్యంగా తీసేయండి, ఎప్పుడూ వెనక నడుస్తూ లైట్ల రంగులు మార్చే ప్రోగ్రామ్ ఒకటి తక్కువైతే అదీ లాభమే. లైనక్స్ వాడేవాళ్లకు వేరే దారి, కెర్నల్‌కి ఇచ్చే సెట్టింగుల్లో యూఎస్‌బీహిడ్ మాడ్యూల్‌కి మౌస్‌పోల్ అని ఒకటి ఉంటుంది, దానికి 1 ఇస్తే 1000, 2 ఇస్తే 500, 4 ఇస్తే 250, 0 ఇస్తే మౌస్ తానే కోరుకున్న రేట్.

ఇక్కడే ఒక హెచ్చరిక. 125 మౌస్‌ని బలవంతంగా 1000కి లాగే డ్రైవర్లు దొరుకుతాయి, ఓవర్‌క్లాక్ అంటారు. కొన్ని మౌస్‌లు దానికి తట్టుకుంటాయి, పని చేస్తాయి కూడా. చాలా చవక మౌస్‌లలో లోపలి చిప్ కదలికను అంత త్వరగా తయారు చేయదు, కంప్యూటర్ ఎన్నిసార్లు అడిగినా కొత్త కబురు ఉండదు. దానికోసం విండోస్‌లో భద్రతా సెట్టింగులు ఆపమని ఏ గైడ్ అయినా చెబితే మాత్రం అక్కడే ఆగిపోండి. వాలరెంట్ లాంటి ఆట విండోస్ 11లో సెక్యూర్ బూట్ అనే భద్రతా సెట్టింగ్ ఆన్‌లో లేకపోతే అసలు మొదలే కాదు, కంప్యూటర్ భద్రత సంగతి అటుంచినా. మౌస్ మార్చుకోవడమే నయం, 1000 హెర్ట్జ్ ఇప్పుడు ఏ మాత్రం గేమింగ్ మౌస్‌కైనా మామూలే.

వైర్‌లెస్ వాళ్లకు మరో రెండు మాటలు. బ్లూటూత్‌తో ఆడొద్దు. ఇన్నేళ్లుగా వాడుతున్న బ్లూటూత్ లో ఎనర్జీలో రెండు కబుర్ల మధ్య ఎంత తగ్గించినా 7.5 మిల్లీసెకన్లు, అంటే సెకనుకు 133 మించవు, మళ్లీ ఆఫీసు మౌస్ దగ్గరికే వచ్చినట్టు. మౌస్‌తో ఇచ్చే చిన్న రిసీవర్‌ని పెట్టుకోండి, 1000 వస్తుంది. 4000, 8000 కావాలంటే దానికి తగిన రిసీవర్ ఉండాలి, కొన్నిటికి అది విడిగా వస్తుంది, పాత రిసీవర్ పెట్టి సాఫ్ట్‌వేర్‌లో ఆ ఆప్షన్ ఎక్కడా కనపడటం లేదని వెతికితే కనపడదు. రేట్ పెంచితే బ్యాటరీ త్వరగా అయిపోతుంది, ఇది చిన్న తేడా కాదు. రిసీవర్‌ని కంప్యూటర్ వెనక దూర్చేయకుండా ఎక్స్‌టెన్షన్ కేబుల్‌తో మౌస్ పక్కకు తెచ్చుకోండి, ముఖ్యంగా పక్కనే యూఎస్‌బీ 3 పోర్టులో హార్డ్ డిస్క్ ఏదైనా ఉంటే, ఎందుకంటే యూఎస్‌బీ 3 నుంచి వచ్చే రేడియో గోల ఈ రిసీవర్లు వాడే 2.4 గిగాహెర్ట్జ్ మీదే పడుతుంది. మధ్యమధ్యలో మౌస్ ఒక్క క్షణం బిగుసుకుపోతోందంటే పోలింగ్ రేట్ కంటే ముందు ఇది చూడాలి.

ఇవన్నీ సరిచేసుకున్నాక కూడా ఆట సాఫీగా లేదంటే కారణం మౌస్‌లో లేదు. 144 హెర్ట్జ్ మానిటర్ కొని విండోస్‌లో దాన్ని 60 దగ్గరే వదిలేసినవాళ్లు నమ్మలేనంత మంది. సెట్టింగ్స్‌లో డిస్‌ప్లేకి వెళ్లి, అడ్వాన్స్‌డ్ డిస్‌ప్లేలో రిఫ్రెష్ రేట్ ఎంతుందో ఒకసారి చూడండి. ఫ్రేములను తెర మారే వేళకు జత కలిపే వీసింక్ ఆన్‌లో ఉంటే మౌస్ బరువెక్కినట్టు వెనకబడుతుంది, ఆ ఆలస్యం ముందు పోలింగ్ రేట్‌తో మిగిలేది లెక్కలోకే రాదు. విండోస్ మౌస్ సెట్టింగ్స్‌లో ఎన్‌హాన్స్ పాయింటర్ ప్రెసిషన్ అని ఉంటుంది, పేరు చూసి మోసపోవద్దు, చెయ్యి వేగాన్ని బట్టి పాయింటర్ దూరాన్ని అది మార్చేస్తుంది, గురి అలవాటు కావాలంటే దాన్ని తీసేయాలి.

క్లిక్ సంగతి కూడా ఉంది. చాలా మౌస్‌లలో బటన్ కింద ఉన్న లోహపు పత్రం నొక్కగానే కొన్ని మిల్లీసెకన్లు అదురుతుంది, ఆ అదురుని రెండో క్లిక్‌గా లెక్కించకుండా మౌస్ కాస్త ఆగుతుంది, డీబౌన్స్ అంటారు. మౌస్‌ని బట్టి ఈ ఆగడం 1000 హెర్ట్జ్‌లో రెండు కబుర్ల మధ్య దూరం కంటే ఎన్నో రెట్లు ఉండొచ్చు. సాఫ్ట్‌వేర్‌లో దీన్ని తగ్గించే వీలుంటే మెల్లగా తగ్గించి చూడండి, ఒకసారి నొక్కితే రెండుసార్లు పడటం మొదలైతే వెనక్కి వెళ్లండి. ఆప్టికల్ స్విచ్‌లు ఉన్న మౌస్‌లకు ఈ బాధ లేదు.

మోషన్ సింక్ అని ఇంకోటి కనిపిస్తుంది కొత్త మౌస్‌లలో. సెన్సార్ కదలికను కొలిచే సమయాన్ని కంప్యూటర్ అడిగే సమయంతో జత కలుపుతుంది. కబుర్లు సమానంగా వస్తాయి, బదులుగా ఒక్క పిసరు ఆలస్యం. 1000 దగ్గర నేనైతే ఆన్ చేస్తాను, పైన చెప్పిన కారణంతోనే. ఆఫ్ చేసుకునేవాళ్లతో గొడవ లేదు.

పోలింగ్ రేట్ నిజంగా మారిందా లేదా అని చూసుకోవడానికి బ్రౌజర్‌లో తెరుచుకునే టెస్టులు ఉన్నాయి, వాటిని గుడ్డిగా నమ్మకండి. బ్రౌజర్లు మౌస్ కదలికలను ఫ్రేమ్‌కి ఒకటి చొప్పున కలిపి ఇచ్చే అవకాశం ఉంది, అందుకని 1000 పెట్టినా ఆ టెస్టు 60 అనో 144 అనో చూపించి కంగారు పెడుతుంది. విడిగా డౌన్‌లోడ్ చేసుకునే మౌస్‌టెస్టర్ లాంటి ప్రోగ్రామ్ మెరుగు. దేనితో చూసినా మౌస్‌ని గుండ్రంగా, గట్టిగా, ఆపకుండా తిప్పాలి. మెల్లగా తిప్పితే చెప్పడానికి కదలికే ఉండదు కాబట్టి రేట్ తక్కువ చూపిస్తుంది, మౌస్ మోసం చేసిందని అనుకుంటారు. అంకె ఎంత వచ్చిందో దానికంటే గ్రాఫ్‌లో చుక్కలు ఒకే వరుసలో పడ్డాయా, చెల్లాచెదురుగా ఉన్నాయా అన్నది చూడండి. చుక్కలు చెదిరిన 8000 కంటే వరుసగా పడిన 1000 మేలు. చెదిరి ఉంటే మౌస్‌ని యూఎస్‌బీ హబ్‌లోంచి తీసి, మదర్‌బోర్డుకి నేరుగా ఉండే వెనక పోర్టులో పెట్టి మళ్లీ చూడండి.

ఆన్‌లైన్ ఆటల్లో పింగ్ 40 మిల్లీసెకన్లు ఉన్నప్పుడు ఇదంతా ఎందుకని కొందరు ఎగతాళి చేస్తారు. సర్వర్‌కి వెళ్లి రావడం వేరు, మన చూపు తిరగడం వేరు. చూపు తిరిగేది మన కంప్యూటర్‌లోనే, దానికి సర్వర్ అనుమతి అక్కర్లేదు, అందుకే పింగ్ ఎంతున్నా మౌస్ కుదుపు విడిగా తెలుస్తుంది. అలాగని ఓడిపోయిన ప్రతి మ్యాచ్‌కీ పోలింగ్ రేట్‌ని తిట్టుకోవడం కూడా ఎక్కువే.

ఎడిటర్ గారూ, మీ పేజీకి నా విన్నపం ఇంతే. ఈసారి మౌస్‌ల గురించి రాసినప్పుడు పెట్టె మీది హెర్ట్జ్ అంకెను మాత్రమే కాకుండా, దాన్ని ఏ ప్రాసెసర్ మీద, ఏ రిఫ్రెష్ రేట్ మానిటర్‌తో, ఎంత డీపీఐ పెట్టి వాడి చూశారో కూడా రాయండి. వైర్‌లెస్ అయితే ఒక్కో రేట్ దగ్గర బ్యాటరీ ఎన్ని గంటలు వచ్చిందో వేయండి. 1000లోనూ 8000లోనూ అదే ఆటలో సగటు ఎఫ్‌పీఎస్‌తో పాటు అన్నిటికంటే కిందికి పడిన ఎఫ్‌పీఎస్ ఎంతో పక్కపక్కన ఇవ్వండి, సగటు ఒక్కటే ఇస్తే కుదుపులు అందులో దాక్కుంటాయి. చోటు చాలకపోతే మౌస్ రంగు లైట్ల ఫొటో తీసేయొచ్చు.

ఇట్లు,
మీ పత్రిక పాఠకుడు